చిన్న సినిమాల రికార్డు పని: శ్రీకాకుళం, విజయనగరం ప్రాజెక్టు డైరీ

పనుల ప్రాధాన్యం ఇలా ఎందుకు పెట్టుకున్నామంటే

ఈ రెండు జిల్లాల లఘుచిత్రాల ప్రదర్శనలనూ, వాటి చుట్టూ నడిచే మాటనూ, పాత టేపులనూ భద్రపరిచే మా పని డైరీ ఇది. ప్రదర్శన ఎక్కడ జరిగినా జ్యోతి వెలిగించడానికీ, శాలువాలకీ, జ్ఞాపికలకీ ఫొటోల కరువుండదు. హాల్లో ఉన్న ప్రతి ఫోన్లోనూ అవి పడతాయి. దొరకని సరుకు వేరే ఉంది. సినిమా అయ్యాక వెనక వరసలోంచి ఎవరో అడిగిన ప్రశ్న, తీసినవాళ్లు చెప్పిన జవాబు, కెమెరా ఎవరి దగ్గర అద్దెకు తెచ్చారు, ఇల్లు షూటింగుకు ఎవరిచ్చారు, మైకు తగిలించిన బూమ్ కర్ర పట్టుకున్న కుర్రాడిది ఏ ఊరు. సినిమా యూట్యూబ్‌లో మిగులుతుంది, అదీ ఆ చానల్ పాస్‌వర్డు ఎవరికో ఒకరికి గుర్తున్నంతకాలం. చుట్టూ ఉన్న మాట మాత్రం హాలు తాళం పడేసరికే పోతుంది.

అందుకే ఈ పనిలో ప్రాధాన్యం ఇలా: ముందు శబ్దం, తర్వాత పేర్లు, ఆ తర్వాత పాత టేపులు, అన్నిటికన్నా చివర బొమ్మ. మంచి కెమెరా కొనమని సలహా ఇచ్చేవాళ్లకు లోటు లేదు. ఆ డబ్బు కేబుళ్లకూ హార్డ్ డిస్కులకూ పోయింది, సరిగ్గానే పోయింది.

నమూనా కోసం దూరం వెళ్లనక్కర్లేదు. కాళీపట్నం రామారావు మాస్టారు 1997లో శ్రీకాకుళంలో పెట్టిన కథానిలయంలో కథతో పాటు అది ఏ పత్రికలో, ఎప్పుడు అచ్చయిందో కూడా నమోదవుతుంది. సినిమాకూ అదే పద్ధతి తీసుకున్నాం: ఏ కాపీ, ఎంత నిడివి, ఏ హాల్లో, ఏ తేదీన.

హాలు శబ్దం. స్థితి: కుదిరింది

ఇక్కడ ప్రదర్శనలు ఎక్కువగా జరిగేది కళామందిరాల్లో, కాలేజీ సెమినార్ హాళ్లలో, కల్యాణ మండపాల్లో. మూడింటికీ ఉమ్మడి జబ్బు ఫ్యాన్లు. రేకుల కప్పున్న చోట వాన తోడైతే కెమెరా మీది మైకులో మనిషి గొంతు దొరకదు. కాబట్టి శబ్దం రెండు దారుల్లో వేరువేరుగా రావాలి.

మొదటి దారి మిక్సర్, అంటే హాలు మైకులన్నీ వచ్చి కలిసే పెట్టె. సౌండ్ సిస్టమ్ ఆపరేటర్‌తో ముందురోజే మాట్లాడుకోవాలి. ఆ రోజు ఉదయం అడిగితే ఆయనకు తీరిక ఉండదు, పైగా అతిథుల మైకు టెస్టింగు నడుస్తుంటుంది. మెయిన్ అవుట్ అడగొద్దు. అందులో సినిమా శబ్దం, పాటలు, అనౌన్స్‌మెంట్లు అన్నీ కలిసి వస్తాయి. మైకు కూత పెట్టినప్పుడల్లా ఆపరేటర్ ఫేడర్ దించేస్తాడు, మన రికార్డింగూ దాంతోపాటే దిగిపోతుంది. అడగాల్సింది ఒక ఆక్స్ సెండ్ (మెయిన్‌తో సంబంధం లేకుండా విడిగా బయటికొచ్చే దారి), ప్రీ-ఫేడర్‌లో, అంటే ఫేడర్ దించినా మారకుండా, మైకులు మాత్రమే పంపమని.

మిక్సర్ నుంచి వచ్చేది లైన్ లెవెల్, మైకు నుంచి వచ్చే సిగ్నల్ కన్నా చాలా బలమైనది. దాన్ని రికార్డర్ మైక్ ఇన్‌పుట్‌లో పెడితే గెయిన్ సున్నాకు తిప్పినా గొంతు పగిలిపోతుంది. మీటర్ ఎర్రబడకపోయినా పగలొచ్చు, ఎందుకంటే తెగేది గెయిన్ నాబ్‌కు ముందే. రికార్డర్‌లో లైన్ ఇన్‌పుట్ ఉంటే అది వాడాలి. లేకపోతే మధ్యలో 20 నుంచి 40 డీబీ తగ్గించే ప్యాడ్ పెట్టాలి. సెట్టింగు 48 కిలోహెర్ట్జ్, 24 బిట్, ఆటో లెవెల్ ఆఫ్. గట్టిగా మాట్లాడినప్పుడు మీటర్ −12 డీబీ దగ్గర తాకితే చాలు. చప్పట్లకు అంతకంటే పైకి పోతుంది, పోనివ్వాలి.

గుయ్‌మని 50 హెర్ట్జ్ హమ్ వస్తే కేబుల్ మార్చడం మొదలుపెట్టే ముందు రికార్డర్ అడాప్టర్ పీకి చూడాలి. మిక్సర్ ఒక ప్లగ్గులో, రికార్డర్ ఇంకో గోడ ప్లగ్గులో ఉన్నప్పుడు ఎర్త్ చుట్టు ఏర్పడి ఈ మోత పుడుతుంది. రికార్డర్‌ను బ్యాటరీల మీదే నడిపితే చాలాసార్లు అక్కడితో ఆగిపోతుంది. ఆగకపోతే ఆడియో కేబుల్ మధ్యలో 1:1 ఐసోలేషన్ ట్రాన్స్‌ఫార్మర్ పెట్టాలి. బ్యాటరీకి ఇంకో లాభం ఉంది. కరెంటు పోయి జనరేటర్ అందుకునే లోపు డిజిటల్ మిక్సర్ మళ్లీ బూట్ అవుతుంది, ఆ నిమిషంలో హాల్లో జరిగేది మన రికార్డర్ ఒక్కటే వింటుంది.

రెండో దారి హాలు మైకు. స్టేజీకి రెండు మూడు మీటర్ల ముందు, ప్రేక్షకుల వైపు తిప్పి, స్టాండు మీద. కార్డ్‌లెస్ మైకు తమ దాకా వచ్చేవరకూ ఆగి ప్రశ్న అడిగేవాళ్లు మన హాళ్లలో తక్కువ. ఆ మొదటి వాక్యం ఈ మైకులోనే పడుతుంది. 80 హెర్ట్జ్ దిగువ కోసే ఫిల్టర్ ఆన్ చేస్తే ఫ్యాన్ల గుయ్‌మనే మోతలో సగం పోతుంది. ఇక మిగిలిన మందు మనిషి చేతిలో ఉంది: వ్యాఖ్యాత ప్రతి ప్రశ్ననూ ఒకసారి తిరిగి చెప్పాలని ముందే ఒప్పించుకోవడం. కార్డ్‌లెస్ మైకుల బ్యాటరీలు విరామంలో కొత్తవి వేయాలి. గీత చూసి ఇంకా ఉందిలే అనుకుంటే సరిగ్గా చర్చ మధ్యలో చచ్చిపోతాయి.

బొమ్మనూ శబ్దాన్నీ తర్వాత జత కలపడానికి ప్రతి సెషన్ మొదట్లో ఒక చప్పట, చివర మరో చప్పట. చివరిది ఎందుకంటే రికార్డర్ గడియారం, కెమెరా గడియారం ఒక్కలా నడవవు. 20 పీపీఎం (పది లక్షల్లో 20 వంతుల) తేడా ఉంటే గంటకు 72 మిల్లీసెకన్లు జరుగుతుంది, అంటే దాదాపు రెండు ఫ్రేములు. మూడు గంటల సభలో పెదవులకూ మాటకూ పొత్తు తప్పడానికి అది చాలు. రెండు చప్పట్లుంటే ఎంత సాగదీయాలో ఎడిటింగులో తేలిపోతుంది. ఇంకా 30 సెకన్లు ఎవరూ మాట్లాడకుండా, ఫ్యాన్లు తిరుగుతుండగా ఖాళీ హాలు శబ్దం తీసుకోవాలి. కోతల మధ్య అతుకు వేయడానికి అదే పనికొస్తుంది.

బొమ్మ. స్థితి: సరిపోతుంది

25 ఫ్రేములు, షట్టర్ 1/50. మన కరెంటు 50 హెర్ట్జ్, చవక ఎల్‌ఈడీ ట్యూబులు సెకనుకు 100 సార్లు మిణుకుతాయి. ఫోను 30 ఫ్రేముల్లో 1/60 దగ్గర ఉంటే తెర మీద నల్ల పట్టీలు పాకుతాయి. ఫోన్లో తీస్తే ఫ్రేమ్ రేటు నిలకడగా ఉండదు కాబట్టి ఎడిటింగుకు ముందే స్థిరమైన 25కు మార్చుకోవాలి. లేకపోతే శబ్దం మెల్లగా జారుతుంది, కారణం దొరక్క తల పట్టుకోవాల్సి వస్తుంది.

వైట్ బ్యాలెన్సు, ఎక్స్‌పోజరు రెండూ లాక్. స్టేజీ వెనక ఎల్‌ఈడీ తెర మీద స్పాన్సర్ల యానిమేషన్ తిరుగుతుంటుంది. ఆటోలో వదిలితే అది మారినప్పుడల్లా మాట్లాడేవాళ్ల ముఖం నల్లబడి తెల్లబడుతుంది. డెకరేషన్ వాళ్లు గులాబీ, నీలం పార్ లైట్లు (స్టేజీ రంగు లైట్లు) ముఖాల మీదికే కొడతారు. మైకు స్టాండు మీద పడే రెండు లైట్లు మాత్రం తెలుపులో పెట్టమంటే కాదనరు, అడిగే దిక్కు లేకే అలా ఉంటాయి.

తెర మీది సినిమాను తీయొద్దు. బొమ్మ ఎలాగూ బాగుండదు. పైగా 2023 సవరణ తర్వాత సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం థియేటర్లో అనుమతి లేకుండా సినిమా రికార్డు చేస్తే 3 నెలల నుంచి 3 ఏళ్ల దాకా జైలు, కనీసం 3 లక్షల జరిమానా. సినిమా కాపీని దాన్ని తీసినవాళ్ల దగ్గరే డ్రైవులో తీసుకోవాలి. ప్రదర్శన జరుగుతున్నంతసేపూ కెమెరా ఆపి, శబ్దం మాత్రం హాలు మైకులో నడవనివ్వాలి. జనం ఎక్కడ నవ్వారో, ఎక్కడ కుర్చీలు కదిలాయో తర్వాత డైరెక్టర్లే వచ్చి అడుగుతారు. ఆ ట్రాక్ వాళ్లకు వినిపించడానికే, ఎక్కడా పెట్టడానికి కాదు.

వీడియో 50 ఎంబీపీఎస్‌లో (సెకనుకు 50 మెగాబిట్లు) తీస్తే గంటకు 22.5 జీబీ. 64 జీబీ కార్డు రెండున్నర గంటలకు మించి రాదనే లెక్కేసుకోవాలి.

కాపీలు. స్థితి: నడుస్తోంది

కార్డులోని క్లిప్పులు ఏరుకోకుండా ఫోల్డరు మొత్తం అలాగే దించాలి. చాలా కెమెరాలు పొడుగు షాట్‌ను 4 జీబీ ముక్కలుగా కోస్తాయి, ముక్కల వరస చెప్పే ఫైళ్లు పక్క ఫోల్డర్లలో ఉంటాయి. కాపీ అయ్యాక చెక్‌సమ్ (ఫైలు లోపలి డేటా నుంచి లెక్కగట్టే గుర్తు సంఖ్య) సరిపోల్చకుండా కార్డు ఫార్మాట్ చేయకూడదు. ఫైలు సైజు సరిపోయింది కదా అనుకోవడం చాలదు, సైజు సరిగ్గా ఉండి లోపల పాడైన ఫైళ్లు ఉంటాయి.

మూడు కాపీలు, రెండు రకాల నిల్వ, ఒకటి వేరే ఊళ్లో. ఈ మూడో మాట మన తీరంలో లాంఛనం కాదు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను, 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను. ఒకే వీధిలో రెండు బీరువాల్లో దాచిన రెండు కాపీలను ఒక కాపీగానే లెక్కెయ్యాలి. శ్రీకాకుళంలో తీసింది విజయనగరంలో, అక్కడిది ఇక్కడ ఉంచుతున్నాం. రెండు హార్డ్ డిస్కులు ఒకే షాపులో ఒకేసారి కొంటే ఒకే బ్యాచ్‌వి కావచ్చు, పాడైతే కలిసే పాడవుతాయి. అలమారలో ఏళ్లపాటు ఉంచడానికి ఎస్‌ఎస్‌డీ వద్దు, కరెంటు తగలకుండా ఉంటే దాని చార్జ్ మెల్లగా కారిపోతుంది. హార్డ్ డిస్కును ఆరు నెలలకోసారి కంప్యూటర్‌కు తగిలించి నడిపి, చెక్‌సమ్ మళ్లీ చూడాలి.

తేమకు గాలి చొరని ప్లాస్టిక్ పెట్టె, సిలికా జెల్, చవకగా దొరికే తేమ మీటర్. ముల్లు 40, 50 శాతం మధ్య ఉండాలి. నీలం గుళికలు గులాబీ రంగుకు తిరిగితే పని అయిపోయినట్టు. ఓవెన్‌లో 120 డిగ్రీల దగ్గర రెండు గంటలు ఉంచితే మళ్లీ నీలమవుతాయి. వంటకు వాడే పాత్రలో మాత్రం వద్దు, ఆ రంగు కోబాల్ట్‌ది.

పెళ్లి స్టూడియోల బీరువాలు. స్థితి: సగం

ఈ జిల్లాల్లో సినిమా తీసే చెయ్యి పుట్టింది ఫిల్మ్ స్కూల్లో కాదు, పెళ్లి వీడియోల స్టూడియోలో. పానసోనిక్ ఎం9000 కెమెరా భుజాన పెట్టుకుని వీహెచ్‌ఎస్ తీసినవాళ్లే తర్వాత ఎండీ10000 మీద మినీ డీవీకి (చిన్న డిజిటల్ టేపుకు) వచ్చారు. వాళ్ల దగ్గర అసిస్టెంట్లుగా ఉన్న కుర్రాళ్లు ఇప్పుడు లఘుచిత్రాలకు కెమెరా, ఎడిటింగు చేస్తున్నారు. నటులు నాటక పరిషత్తుల నుంచి వస్తారు. 1892లో కన్యాశుల్కం మొదటిసారి ఆడిన ఊరు విజయనగరం, రంగస్థలం మీద ఆరితేరినవాళ్లకు ఇక్కడ కొదవ లేదు. వాళ్ల పాత నాటకాలు, తప్పెటగుళ్లు, ఊరి పండగలు ఈ స్టూడియోల టేపుల్లోనే ఉన్నాయి.

టేపు చేతికి రాగానే కిటికీ గుండా రీలు అంచు చూడాలి. తెల్లని పొడి కనిపిస్తే బూజు. దాన్ని ప్లేయర్లో పెడితే హెడ్డు పాడవడమే కాదు, తర్వాత పెట్టిన ప్రతి టేపుకూ అంటుకుంటుంది. అవి విడిగా, వేరే సంచిలో. బాగున్నదాన్ని ముందు చివరిదాకా తిప్పి వెనక్కి చుట్టాలి, ఏళ్ల తరబడి అతుక్కున్న పొరలు వదులవుతాయి. పొరపాటున పైన ఇంకోటి రికార్డు కాకుండా వీహెచ్‌ఎస్‌కు వెనక ప్లాస్టిక్ నాలుక విరిచేయాలి, మినీ డీవీకి సేవ్ వైపు జరపాలి. ఇది ప్లేయర్లో పెట్టకముందే, తర్వాత గుర్తుకొస్తే లాభం లేదు.

మినీ డీవీ ఫైర్‌వైర్ (టేపులోని డిజిటల్ డేటాను అలాగే కంప్యూటర్‌లోకి తెచ్చే కేబుల్) ద్వారానే రావాలి. పసుపు, ఎరుపు, తెలుపు పిన్నులతో తీస్తే డిజిటల్‌గా ఉన్నదాన్ని ఒకసారి అనలాగ్‌కు దింపి మళ్లీ ఎక్కించినట్టు. గంట టేపు గంటే పడుతుంది, 13 జీబీ అవుతుంది. కొత్త ల్యాప్‌టాప్‌లలో ఆ పోర్టు ఉండదు. పాత డెస్క్‌టాప్‌లో టెక్సాస్ ఇన్‌స్ట్రుమెంట్స్ చిప్ ఉన్న 1394 కార్డు (ఫైర్‌వైర్ పోర్టు ఇచ్చే కార్డు), విండోస్ 10 అయితే మైక్రోసాఫ్ట్ పాత లెగసీ డ్రైవరు. కెమెరా దొరికినా ఈ కార్డు దొరకడమే కష్టం, సెకండ్‌హ్యాండ్ కంప్యూటర్ షాపుల్లో అడిగి పెట్టుకోవాలి. బొమ్మ గళ్లుగళ్లుగా పగులుతుంటే హెడ్డు క్లీనర్ టేపు పది సెకన్లు. అప్పటికీ పగిలితే అది ఎల్‌పీ మోడ్‌లో తీసిన టేపేమో చూడాలి. 60 నిమిషాల టేపులో 90 నిమిషాలు పట్టించడానికి పెళ్లిళ్లలో ఆ మోడ్ విరివిగా వాడారు. తీసిన కెమెరాలోనే తప్ప ఇంకోదాంట్లో సరిగ్గా ఆడని టేపులు అవే. అందుకే టేపుతో పాటు ఆ స్టూడియోలో మూల పడున్న కెమెరాను కూడా అడగాలి.

వీహెచ్‌ఎస్‌కు టైమ్ బేస్ కరెక్టర్ (పాత టేపు బొమ్మ ఊగకుండా నిలబెట్టే సర్క్యూట్) ఉన్న ఎస్-వీహెచ్‌ఎస్ ప్లేయర్, ఎస్-వీడియో కేబుల్. చవక యూఎస్‌బీ డాంగిల్ ఫ్రేములు మింగుతుంది, అరగంటకల్లా మాటా పెదవీ విడిపోతాయి. ఏ టేపైనా 720×576, ఇంటర్‌లేస్డ్‌గానే (ఒక్కో ఫ్రేము ఫీల్డులనే రెండు సగాలుగా) మాస్టరు ఉంచాలి. చూడటానికి ఇంకో కాపీని 50పీకి (సెకనుకు 50 పూర్తి ఫ్రేములకు) మార్చుకోవచ్చు. మన దేశపు టీవీ పద్ధతి అయిన పాల్ డీవీలో కింది ఫీల్డు ముందు వస్తుంది, అనలాగ్ కార్డులు చాలావాటిలో పైది ముందు. ఇది తారుమారైతే నడిచే మనిషి వణుకుతున్నట్టు కనిపిస్తాడు. టేపు పాడైందని పక్కన పెట్టేసే ముందు ఈ ఒక్క సెట్టింగు మార్చి చూడాలి.

టేపు చివరి అంగుళం దాకా ఆడించాలి. స్టూడియోలు టేపులు తిరిగి వాడేవి. పెళ్లి అయిపోయి నీలం తెర వచ్చాక, దాని వెనక పాత రికార్డింగు తోక తేలుతుంది. నాటకం రిహార్సల్‌దో, వీధి పాటదో పది నిమిషాల ముక్క అలాగే దొరుకుతుంది. పెళ్లి భాగం మాత్రం ఆ ఇంటివాళ్లది. దాన్ని కోసి స్టూడియోకి తిరిగిచ్చేయడం, మన దగ్గర కాపీ ఉంచుకోకపోవడం. ఈ మాట ముందే చెబితే బీరువా తాళాలు తొందరగా తెరుచుకుంటాయి.

పేర్ల పట్టిక. స్థితి: ఎప్పటికీ నడిచేదే

పేరు మొదటి గడిలో తెలుగులో, ఆ మనిషి తన సంతకంలో రాసుకున్నట్టే. ఇంగ్లీషు గడి పక్కన, అందులో ఎన్ని స్పెల్లింగులుంటే అన్నీ. ఫైళ్ల పేర్లు మాత్రం రోమన్ అక్షరాలు, అంకెల్లోనే. తెలుగు ఫైలు పేర్లు ఒక కంప్యూటర్‌లో బాగుండి, జిప్ చేసి ఇంకోదానికి పంపాక చదవరాకుండా పోతాయి. తేదీ సంవత్సరంతో మొదలవ్వాలి, అప్పుడే ఫైళ్లు వరసలో ఉంటాయి.

ఊరికి గ్రామం, మండలం రాసి, జిల్లాను విడిగా తేదీతో కట్టాలి. 2022 ఏప్రిల్ 4 విభజనలో రాజాం శ్రీకాకుళం నుంచి విజయనగరానికి, పాలకొండ పార్వతీపురం మన్యానికి వెళ్లాయి. 2019లో పాలకొండలో తీసిన సినిమా ‘శ్రీకాకుళం జిల్లా’ అనే టైటిల్ కార్డుతోనే ఉంటుంది. దాన్ని దిద్దకూడదు, ఇప్పటి జిల్లా గడిలో వేరేగా రాయాలి.

పాత పోస్టర్లు, కరపత్రాలు చాలావరకు అను ఫాంట్లలో (యూనికోడ్ కాని పాత తెలుగు ఫాంట్లు), పేజ్‌మేకర్‌లో చేసినవి. ఆ ఫాంటు లేని కంప్యూటర్‌లో తెరిస్తే పిచ్చిగీతలు. ఫైలును యూనికోడ్‌కు మార్చి, మార్చాక ఒత్తులు, ‘క్ష’, ‘జ్ఞ’ ఒక్కొక్కటీ చూసుకోవాలి, ఎక్కువగా చెడేవి అవే. ఫైలుతో పాటు పీడీఎఫ్ ఒకటి కచ్చితంగా ఉంచాలి. పోస్టరు వాట్సాప్‌లో ఫొటోగా వస్తే కుదించి వస్తుంది, డాక్యుమెంట్‌గా పంపమనాలి. కాగితాలు 600 డీపీఐలో స్కాన్, రెండు వైపులా. వెనక వైపు పెన్నుతో రాసిన ప్రదర్శన వరసే అసలు వరస, ముందు వైపు అచ్చయింది మొదట అనుకున్న వరస మాత్రమే.

బడ్జెట్ గడిలో మొత్తం అంకె అడగడం మానేశాం. అది చెప్పేవాళ్ల ఉత్సాహాన్ని బట్టి పెరుగుతుంది, తగ్గుతుంది. విడివిడిగా అడిగితే నిజం వస్తుంది: కెమెరా అద్దె రోజుకు ఎంత, లెన్సులు ఎక్కడివి, భోజనాలు ఎవరింట్లో, ఆటో డీజిల్ ఎవరు పోశారు, డబ్బింగు ఏ గదిలో. భోజనాల గడి నింపితే సగం టీమ్ పేర్లు దానంతటవే బయటపడతాయి.

ఇంటర్వ్యూలు, రాత. స్థితి: పండగ కోసం ఆగింది

హైదరాబాద్‌లో లైట్‌మన్లుగా, అసిస్టెంట్ డైరెక్టర్లుగా, ఎడిటింగు గదుల్లో పనిచేసే మనవాళ్లు ఊళ్లో దొరికేది సంక్రాంతికి. భోగి రోజు ఎవరూ కూర్చోరు. కనుమ మర్నాడు నుంచి తిరుగు రైలు ఎక్కే లోపే పని జరగాలి. దసరా తర్వాతి మంగళవారం పైడితల్లి సిరిమానోత్సవం కాబట్టి ఆ వారం విజయనగరంలో సౌండూ దొరకదు, మనుషులూ దొరకరు.

ఇంటర్వ్యూలను రాతలో పెట్టేటప్పుడు మాట ఎలా ఉంటే అలాగే ఉంచుతున్నాం. ‘ఏటి లైటు బావు, ఆటో హెడ్‌లైటేసి తీసేసినాం’ తరహా జవాబును పుస్తక భాషలోకి దిద్దితే మనిషి పోతాడు. కంప్యూటర్ చేసే ఆటోమేటిక్ రాత సరిగ్గా ఈ దిద్దుబాటే చేస్తుంది, అడక్కుండా. దాన్ని మొదటి చిత్తుగా తీసుకుని, వింటూ చేత్తో సరిచేయక తప్పదు. సబ్‌టైటిల్ ఫైలు యూటీఎఫ్-8లో సేవ్ చేయాలి, లేకపోతే తెలుగంతా ప్రశ్నార్థకాలు. ప్రీమియర్ ఎడిటింగు సాఫ్ట్‌వేర్‌లో ఒత్తులు విడిపోయి పక్కకు పడితే గ్రాఫిక్స్ ప్రిఫరెన్సుల్లో టెక్స్ట్ ఇంజిన్‌ను ‘సౌత్ ఏషియన్ అండ్ మిడిల్ ఈస్టర్న్’కు మార్చాలి.

సంతకాలు

ఒకే పేజీ, తెలుగులో, మూడు గళ్లు: భద్రపరచడానికి మాత్రమే, అడిగినవాళ్లకు ఇక్కడ చూపించడానికి, ఇంటర్నెట్‌లో పెట్టడానికి. టిక్ లేని గడికి అర్థం ‘వద్దు’. పిల్లలు నటించి ఉంటే అమ్మానాన్నల సంతకం. కాపీరైట్ చట్టం సినిమాకు కర్తగా నిర్మాతనే గుర్తిస్తుంది. చిన్న సినిమాల్లో నిర్మాత అంటే డబ్బు పెట్టిన బావగారో, స్నేహితుడో కావచ్చు. డైరెక్టర్ ఒక్కడి సంతకం చాలదు, ఆ నిర్మాతనీ పట్టుకోవాలి. నేపథ్య సంగీతం ఎక్కడిదో వేరే వరసలో రాయించుకోవాలి. సభ మొదలయ్యే ముందు సౌండ్ అబ్బాయి వేసిన సినిమా పాటలు మన రికార్డింగులో పడితే, వీడియో ఎక్కించగానే యూట్యూబ్ కాపీరైట్ క్లెయిము వస్తుంది. ఆ భాగం కోసేయడమే.

నిర్వాహకులకు ఒక మాట: సెన్సార్ సర్టిఫికెట్ లేని చిత్రాలు ప్రజల ముందు ఆడించడానికి సినిమాటోగ్రాఫ్ చట్టం సెక్షన్ 9 కింద కేంద్రం మినహాయింపు ఇవ్వగలదు. ఆ ఉత్తర్వు కాపీ ఉంటే అదీ మన ఫోల్డర్లో చేరాలి. ఆడించడానికి మినహాయింపు దొరికిన చిత్రాల అధికారిక ఆధారం అదే కాబట్టి.

తర్వాతి ప్రదర్శనకు ముందు చూసుకోవాల్సినవి

10 మీటర్ల ఎక్స్‌ఎల్‌ఆర్ (మైకు) కేబుల్ ఇంకొకటి, నేల మీద అతికించడానికి గాఫర్ టేపు (ప్యాకింగు టేపు తివాచీకి పట్టదు, పెయింటుకు పట్టి ఊడిరాదు). ఐసోలేషన్ ట్రాన్స్‌ఫార్మర్ రెండోది. బూజు టేపుల సంచి శుభ్రం చేయడానికి విడిగా ఒక పాత ప్లేయర్, హెడ్డు పోయినా బాధపడనిది. ఎల్‌పీలో తీసిన టేపులు పక్కన పెట్టి ఉన్నాయి. వాటిని తీసిన ఎండీ10000 మోటారు బెల్టు కోసం మెకానిక్‌కు ఇచ్చాం, అది తిరిగొచ్చాకే ఆ పెట్టె తెరవడం.